బుడ్డి వెలుగు

అప్పీలుకి సాక్షిని పిలవరట.
నేనే వెళ్ళాను.
కిసుము కోర్టులో చివరి బెంచీ మీద,
ఎండుచేపల వాసన వదలని పైగుడ్డ కప్పుకుని.

ముగ్గురు జడ్జీలు. ఒక్కరూ తలెత్తి నా వైపు చూడలేదు.
వాళ్ళ ముందు ఎనిమిదేళ్ళ కిందటి నా మాటలు
దారంతో కుట్టి ఉన్నాయి.
నేను లువోలో ఏడిస్తే
ఇంగ్లీషులో తడారిపోయిన మాటలు.

నూట పద్నాలుగో పేజీ, అన్నాడు లాయరు.
"వసోంగాని గుర్తుపట్టాను. దీపం వెలుగుతోంది."
ఆ దీపం ఎంతుంది? అన్నాడు.
గుమ్మానికి ఎన్ని అడుగుల దూరం?
నేల మీదా, గూట్లోనా?
ఒత్తి పెంచి ఉందా, తగ్గించి ఉందా?
ఆ మొహం మీద ఎంతసేపు పడింది వెలుగు?
కింది కోర్టులో ఎవరూ అడగలేదు, మై లార్డ్స్.
ఎవరూ అడగలేదు.

నోటిదాకా వచ్చింది.
మార్గరిన్ డబ్బాకి చిల్లుపెట్టి చేసిన బుడ్డి అయ్యా,
నా బొటనవేలంత మంట,
మా ఆయన ఒదెరో చేత్తో చేసింది.
లేచి చెబుదామనుకున్నాను.
సరే, ఎక్కడుందని చెప్పను?
గూట్లో ఉందా? బల్ల కిందికి దొర్లిందా?
చెప్పి చెప్పి
ఒత్తి నేనే పెంచుతూ వచ్చానేమో.
పోలీసుకి చెప్పినప్పుడు మసక.
మా అత్తకి చెప్పినప్పుడు కాస్త తేట.
బైబిలు మీద చెయ్యి వేసేసరికి
మిట్టమధ్యాహ్నం.

కళ్ళారా చూశానన్నాను.
కడుపారా తిన్నట్టు, కళ్ళు నిండేదాకా చూశానని.
గడప మీద ఒక ఆకారం,
పైకి లేచిన వేటకత్తి, ఒదెరోది ఒకే ఒక్క అరుపు.
అంతలో ఏ కన్ను నిండుతుంది?

వసోంగా తల్లి ముందు బెంచీలో ఉంది.
ఆ గదిలో నన్ను చూసింది ఆమె ఒక్కతే.
నన్నే చూసిందో,
అడోంగో అనుకుని చూసిందో.

అన్నట్టు, మేం కవలలం.
ముందు పుట్టానని నాకు అపియో అని పెట్టారు,
వెనకొచ్చిన దానికి అడోంగో అని.
దుంగా రేవులో ముప్పై ఏళ్ళుగా చేపలమ్ముతున్నా
సగం మంది నన్ను దాని పేరుతోనే పిలుస్తారు,
దాని బాకీలు నన్నడుగుతారు.
పట్టపగలు. చెయ్యి చాపితే తగిలేంత దగ్గర్లో.
మీకు కళ్ళున్నాయా అని
రోజూ ఎవరినో ఒకరిని తిడతాను.

తీర్పు వచ్చే నెలకి వాయిదా.
మటాటు ఎక్కి ఇంటికొచ్చేసరికి చీకటి.

ఆ బుడ్డి ఇంకా ఉంది, తుప్పుపట్టి.
దుకాణంలో అరగ్లాసు కిరోసిను కొలిపించుకొచ్చాను.
వెలిగించి గూట్లో పెట్టాను.
తర్వాత నేల మీద పెట్టాను.
అడోంగోని గరిటె పట్టుకుని గుమ్మంలో నిలబడమన్నాను.
పిచ్చా నీకు, అంది. నిలబడింది.
చెయ్యెత్తు, అన్నాను. ఎత్తింది.

నేను ఆ రాత్రి పడుకున్న చోటే పడుకుని చూశాను.
భుజాలు కనిపించాయి. గరిటె అంచు మెరిసింది.
మొహం ఉండాల్సిన చోట నలుపు.
అయినా అది అడోంగోయే, ముక్కూ నవ్వూ అన్నీ దానివే.
ఎందుకంటే అక్కడ నిలబెట్టింది నేను.

ఆ పొద్దున రేవులో
చిరిగిన వల గురించి వసోంగా కొట్లాడాడు.
చంపేస్తానురా అన్నాడు.
అది విన్నాను. అది మాత్రం విన్నాను.
చెవులతో విన్నదే రాత్రి కళ్ళల్లోకి వచ్చి కూర్చుందా?
వాడే కావచ్చు. ఇప్పటికీ వాడే అనిపిస్తుంది.
అనిపిస్తుంది, అని నూట పద్నాలుగో పేజీలో లేదు.

చెయ్యి లాగుతోందే, దించనా?
నలుపులోంచి అడిగింది అడోంగో.

ఉండు, అన్నాను.
ఇంకాసేపు ఉండు.