ఒత్తు ఖ

గుంటూరు జిల్లా పరిషత్తులో మెట్ల కింద
సైకిల్ స్టాండుకీ నీళ్ల డ్రమ్ముకీ మధ్య
ఒక బల్ల, ఒక గోనెసంచి, ఒక పెద్దాయన.
రిటైరైన మాస్టార్లకి ఫారాలు నింపిపెడతాడు.
డబ్బులడగడు. టీ ఇస్తే తాగుతాడు.

మేడ మీద ముప్ఫై రెండేళ్లు పనిచేశాను,
మెట్ల కింద ఏముందో ఎన్నడూ చూడలేదు.

ఇప్పుడు నా పీఎఫ్ కాగితాలకి తొమ్మిదో నెల.
కాన్పు మాట ఎవరూ ఎత్తరు.
బిల్లు పంపామంటుంది సెక్షను,
రాలేదంటుంది ట్రెజరీ,
వచ్చింది గానీ నిధుల్లేవంటుంది కంప్యూటరు.
మోకాలి ఆపరేషనుకని దాచుకున్న డబ్బు,
దాన్ని అడగడానికి ఎక్కాల్సింది ఆ మోకాలితోనే.
నా కుర్చీలో కూర్చున్న కుర్రాడు
నా మాటే నాకు అప్పజెబుతాడు:
“వచ్చే వారం రండి మేడమ్.”
ఆ గొంతు కూడా నాదే. నేనే నేర్పాను వాడికి.

అటెండరు ఏసోబు దగ్గరకొచ్చి చెప్పాడు:
“ఆలస్యానికి వడ్డీ వస్తుందమ్మా, అర్జీ పెట్టుకోవాలి.
కింద పీరా మాస్టారున్నారు,
ఆయన రాసింది తిరిగి రాదు.”

ఆయన కళ్లజోడు పంచె చెంగుతో తుడుచుకుని
“పేరు రెండు చోట్లా ఒకేలా ఉందా అమ్మా?” అన్నాడు.
“రిజిస్టర్లో ఒకటీ స్లిప్పులో ఒకటీ ఉంటే
మా చెడ్డ చిక్కు.”
ఉందన్నాను.
సంతకం చేశాను.
సంతకం దగ్గర ఆయన వేలు ఆగింది.

“ఈ ఝ నాకు తెలుసు.
పదకొండు నెలలు చూశాను దీన్ని,
ఎర్ర సిరాలో.”

ఫిరంగిపురం. అప్పర్ ప్రైమరీ స్కూలు.
షేక్ ఖాసిం పీరా.
సర్వీసు రిజిస్టర్లో ఒత్తు ఖ,
పీఎఫ్ స్లిప్పులో మామూలు క.
“పేరు భేదము. సరిచేసి పంపవలెను.”
నేను రాసిన వాక్యం. చక్కటి వాక్యం.
అలాంటివి రోజుకి ఇరవై రాసేదాన్ని,
టిఫిను డబ్బా మూత తీసే లోపు.

ఆయనకి కోపం లేదు. ఉంటే బాగుండేది.

“రెండు గదులకి శ్లాబు వేద్దామని
ఆ ఏడు పిల్లర్లు లేపానమ్మా.
డబ్బు ఆగింది. చువ్వలు ఆగలేదు,
నెలనెలా తుప్పు జమచేసుకున్నాయి.
మా ఆవిడ వాటి మీదే బట్టలారేసేది,
నా తెల్ల చొక్కాలన్నిటికీ ఎర్ర చారలు,
శుక్రవారం నమాజుకీ అవే.
ఆరు నెలలకి వడ్డీ ఇచ్చారు.
మిగతా అయిదుకీ రాసుకుంటే
‘నిబంధన లేదు’ అని వచ్చింది.
అదే ఝ.”

దేవుడు వరమిచ్చినా పూజారి ఇవ్వడంటారు.
ఆ పూజారి చేతిసంచిలో
పావుకిలో దొండకాయలున్నాయి,
నోట్లో మాట లేదు.

ఆ రాత్రి పట్టాభిపురంలో కరెంటు పోయింది.
ఫోను వెలుగులో, పాత కరెంటు బిల్లు వెనక లెక్క వేశాను.
నాలుగు లక్షల పన్నెండు వేలు, ఆయన చెప్పిన అంకె.
ఎనిమిదితో హెచ్చించి, అయిదుతో హెచ్చించి,
పన్నెండు వందలతో భాగించాను.
నిద్రలో లేపినా చేసే లెక్క.
పదమూడు వేల ఏడువందల ముప్ఫై మూడు.
ఆపైన పైసలు మూడు, మూడు, మూడు,
బిల్లు అంచు దాకా వెళ్లినా తెగలేదు.
సర్వీసులో అయితే
రూపాయికి సర్ది గీత కొట్టేదాన్ని.

సోమవారం కవరు పట్టుకెళ్లాను.
ఆయన తెరవలేదు. అటూ ఇటూ తిప్పి చూసి
“ఏ పద్దు కింద రాసుకోమంటారమ్మా?” అన్నాడు.
ముప్ఫై రెండేళ్లు పద్దులే రాసినదాన్ని,
గొంతు పెగల్లేదు.

కవరు మా ఇద్దరి మధ్యా బల్ల మీదే ఉంది,
డ్రమ్ము చెమ్మకి మెత్తబడుతూ.

ఎదురుగా ఎవరో మాస్టారి భార్య,
ప్లాస్టిక్ సంచిలో మరణ ధ్రువపత్రం.
ఆయన కొంచెం పక్కకి జరిగాడు.
“చూపు ఆనడం లేదు నాకీమధ్య,
కాస్త ఈవిడ పేరు చూసిపెట్టండి,” అన్నాడు,
“రెండు చోట్లా.”