మూగబొమ్మ

సజ్జా క్యాంపుల మా రూముకు ఎనిమిది మంచాలు,
ఒక్కొక్కటి రెండంతస్తులు.
టీవీ గొంతు పోయి నెల దాటింది.
బొమ్మ మాత్రం అద్దమోలె వస్తది.

అందర్ల పెద్దోడు నిరాపద హాల్దార్,
ఖుల్నా మనిషి, షట్టరింగ్ పని.
ఒకనాడు రాత్రి తిన్న పళ్లెం కడిగి బోర్లేసిండు,
తెర మీద గుర్రం ఉరికితే గిట్టలు మోగించిండు.
తలుపు పడ్డది, మోకాలిచిప్ప మీద అరచెయ్యి.
పెండ్లిపిల్ల ఏడ్చింది,
ఖాళీ సీసా మూతిల సన్నగ ఊదిండు.
పై మంచం మీద పెషావర్ డ్రైవర్ గుల్ రెహమాన్
ముక్కు చీదుకున్నడు.

"మా తాత పని ఇదే" అన్నడు హిందీల,
అగ్గిపెట్టె దేవులాడుకుంట.
కలకత్తాల సినిమా మాట్లాడని కాలమట.
తెర కింద గుంతల కూసుండి ఫిడేలు వాయించేటోడట.
తీగల దిక్కు చూడడు, తలెత్తి బొమ్మనే చూస్తడు.
బతికినన్నాళ్లు ఆ మెడ అట్లనే నిలిచిపోయిందట.
ఒక ఏడు లారీ మీద కొమ్ముబూరలు దిగినయ్.
తెర నోరు తెరిచింది.
మేనేజరు వారం జీతం చేతిల పెట్టి
"ఆటకు రా, నీకు టికెట్ వద్దు" అన్నడట.

పోయిండా? అడిగిన.
"పోయిండు, మొదటి ఆటకే.
అందరు మాటలు విన్నరు.
ఆయనకు మిషిను గరగర ఒక్కటే వినపడ్డదట."

రంజాన్ ఓవర్‌టైం పైసలతోని
మల్లేశం నలభై దిర్హాములకు స్పీకర్ తెచ్చిండు.
రూమంత దద్దరిల్లింది.
నిరాపద పళ్లెం గూట్లె పెట్టిండు.
ఎవ్వలం ఏమనలే. నేను గూడ.

ఈ దేశంల ఫోన్ల బొమ్మ వస్తది, మాట తెగుతది.
నిన్న రాత్రి గంగజల పెదవులు కదులుతున్నయ్.
చెవి చూపించిన, చెయ్యి ఊపిన.
ఆమె ఆగలే. ఎన్నడు ఆగింది గనుక.
బీడీల ఖాతా ముచ్చటనో, కౌలు పైసల ముచ్చటనో.
వెనక కిటికిల, బుగ్గ వెలుతుర్ల,
రేకుల మీదికెల్లి వాన ధారలు ధారలు.

నిరాపద లేచి కూసున్నడు.
నా భుజం మీదికెల్లి ఫోన్లకు తొంగి చూసిండు.
పళ్లెం తీసిండు.
రెండు గోర్లతోని, మెల్లగ,
మా ఊరి రేకుల మీద వాన.

మల్లేశం స్పీకర్ బంద్ చేసిండు.

గంగజల మాట్లాడుకుంటనే వెనక్కు తిరిగి
కిటికి దగ్గరికేసింది.
ఆయన వేళ్లు
పళ్లెం అంచుకు జరిగినయ్,
వాన దూరమైంది.