అంచు తాగుతది

మల్లేపల్లి గల్లీల, రేకుల షెడ్డు కింద
ఎండీఎఫ్ పలక ముఖం అద్దం లెక్క ఉంటది.
కోసిన పక్కకు తిప్పితే తెలుస్తది అసలు సంగతి:
నొక్కిపెట్టిన పొట్టు, ఇంత బంక.
ఇది గూడ చెట్టేనంటే చెట్టుకు కోపమొస్తది.

"అంచు తాగుతది ఐలేశ్,
ఎంత పోస్తే అంత తాగుతది,
పొద్దుగాల చూస్తే మళ్ల గొంతెండి ఉంటది"
అంటడు రుక్నుద్దీన్ భాయ్,
చాయ్ కోసం మాస్కు గడ్డం కిందికి లాగి.

ముందు నూటిరవై నంబరు కాగితం, ఎనక రెండొందల ఇరవై.
మూల పదును కొంచెం చంపాలె,
కత్తి లెక్కున్న మూల మీద రంగు నిలవది.
ఫెవికాల్‌ల నీళ్లు కలిపి, పల్చటి మజ్జిగ లెక్క చేసి
బ్రష్షుతోని కాదు, వేలితోనే పూస్తడు
పండ్లు రాని చిగుళ్లకు తేనె రాసినట్టు.
ఆరినంక పొట్టు లేస్తది, రెండ్రోజుల గడ్డం లెక్క గరగర.
మళ్ల కాగితం. లప్పం. మళ్ల కాగితం.
అప్పుడు ప్రైమర్.
వానకాలమైతే ఒక్కో పూతకు ఒక్కో పూట పోతది.

నేనొకసారి దొంగపని చేసిన.
మణికొండల పన్నెండో అంతస్తు, తెల్లారితే గృహప్రవేశం.
అంచుల మీద సీదా తెల్లరంగే కొట్టిన,
ఒకటి, రెండు, మూడు పూతలు.
ముఖం మెరిసింది. అంచు మాత్రం
నానిన అట్టముక్క లెక్క ఉబ్బి ఊకుంది.
ఆ ఇంటామె ఏమనలేదు.
అంచు పొడుగునా ఒక్క వేలు నడిపించి
కొంగుకు తుడుచుకుంది.
ఐదొందలు కోసినా అంత మండకపోవు.

భాయ్‌ది వేరే లెక్క. కరెంటు పోయినా పని ఆగది.
కండ్లు మూసుకొని అంచు చదువుతడు,
"ఈడ ఇంక దూప ఉంది" అంటడు.
ఈడ అంటే ఈడనే, జొన్నగింజంత జాగ.
నలభై ఏండ్ల గరుకు కాగితం
పలకలతోని పాటు ఆయన వేళ్లను గూడ నున్నగ చేసింది.

మొన్న రేషన్ దుకాణంల
మిషన్ మీద బొటనవేలు పెట్టిండు.
ఎర్రలైటు.
లుంగీకి తుడిచి పెట్టిండు. ఎర్రలైటు.
చూపుడువేలు. ఎడమచెయ్యి.
లైన్ల ఎనకనుంచి ఎవరో గొణిగిండ్రు.
"గీతలే లేవు గదా పెద్దాయనా" అన్నడు డీలర్.
"సీలైపోయినయ్ బేటా," నవ్విండు భాయ్,
"ఇంకేం తాగవు."
ఖాళీ సంచి మడిచి చంకల పెట్టుకొని
తొవ్వ పొడుగునా మాట్లాడలే.

ఇయ్యాల ఎస్సార్ నగర్ అల్మారా.
రెండో పూత ఆరింది. వేలు పెట్టి చూసిన.
నాకైతే నున్నగనే తగిలింది.

అయినా ఆయన్ని పిలిచిన.