వంకర కుట్టు

రాక్షసుడి వీపున జిప్పు వేసేదాన్ని నేనే.
తమా నది పక్కన రేకుల షెడ్డు,
ఆగస్టు నెల, నెత్తిమీద పద్దెనిమిది దీపాలు.
షిగెజో రబ్బరులోకి దూరేవాడు,
కాళ్లు ముందు, చేతులు తర్వాత, తల ఆఖర్న,
పుట్టడం తిరగేసినట్టు.

చూడ్డానికి చిల్లులు దాని కళ్లలో ఉండవు,
గొంతు దగ్గర ఉంటాయి.
ఊరిని తొక్కేవాడు ఊరిని గొంతుతో చూడాలి.

ఆ ఊరు ఒకిదా కట్టేవాడు, నాలుగు రోజులు కూర్చుని.
గోరంత కిటికీలు, తీగ మీద ఆరేసిన బట్టలు,
ఒక డాబాకి అగ్గిపుల్లల నిచ్చెన.
నాలుగు నిమిషాల్లో నుగ్గునుగ్గు.
ఆ కాసేపూ ఒకిదా బయట సిగరెట్టు వెలిగించేవాడు,
కాల్చేవాడు కాదు.

కట్ అనగానే పరిగెత్తి జిప్పు లాగితే
కాళ్ల తొడుగుల్లోంచి చెమట.
గ్లాసుతో కొలిచేదాన్ని. నవ్వకండి.
గ్లాసున్నర దాటిందా, డైరెక్టరుతో తగువే.

ఆదివారం రాత్రి ఏడింటికి
దేశమంతా చూస్తుండగా వాడు చచ్చిపోయేవాడు.
వాడి కూతురు మినేకో ఎగిరి చప్పట్లు కొట్టేది.
పక్కనే కూర్చుని బఠాణీలు ఒలిచేవాడు,
కమిలిన మెడ మీద తడిగుడ్డ వేసుకుని.
చెప్పలేదా అంటే,
గెలిచినవాణ్ణి చూసి మురిసిపోనీ, అన్నాడు.

ఒక గురువారం మెడ కింద రబ్బరు చిరిగింది.
మంచి దారం అయిపోయింది, కొట్లు కట్టేశారు.
గాలపు తీగతో కుట్టేశాను, హడావుడిగా,
తొమ్మిది కుట్లు, మూడోది వంకర.
వచ్చే వారం విప్పి సరిచేద్దామనుకున్నా.
వచ్చే వారం లేదు. సీరియల్ ఆపేశారు.

షిగెజో పోయి పన్నెండేళ్లు.
సూటు ఎలుకల పాలు.

నిన్న ఒక కుర్రాడొచ్చాడు, బ్రెజిల్ నుంచి.
బెలెం అట, రోజూ మధ్యాహ్నం వాన పడే రేవు.
వాళ్ల నాన్న చిన్నప్పుడు పొరుగింటి టీవీలో
ఆఖరి భాగం ఒక్కటే చూశాడట.
మా రాక్షసుడు అక్కడ పోర్చుగీసులో చచ్చాడట.
బొమ్మ గీసి దాచుకున్నాడట ఆయన.
కుర్రాడు చొక్కా చేయి మడిచాడు.
ముంజేయి పొడుగునా పచ్చబొట్టు, వాడే.
మెడ కింద తొమ్మిది గీతలు.
మూడోది వంకర.

"ఇది ఏ యుద్ధంలో తగిలింది?"
దుబాసీ పిల్ల గొంతు తగ్గించి అడిగింది.

కళ్లజోడు తెచ్చుకుని
చెయ్యి కిటికీ వైపు తిప్పాను.
విప్పుదాం విప్పుదామనుకున్న కుట్టు
ఎవరి చర్మంలోనో కుదురుకుంది.

"దారం అయిపోయింది," అన్నాను.

ఆ పిల్ల ఏమని చెప్పిందో మరి,
వాడు చాలాసేపు
తల వంచి నిలబడ్డాడు.