ఈ తట్టు మీదికి

బంగారుపాళ్యం దాటినాక మామిడిగుజ్జు ఫ్యాక్టరీ.
రాత్రి షిఫ్టు. డబ్బాలకు చీటీలంటించే బల్లకాడ
నేనూ, ధనభాగ్యం అక్కా.
నేను టెన్తు తప్పినదాన్ని,
ఇంగ్లీషు కూడబలుక్కోని చదువుతా.
అక్కకు సంతకం గూడా రాదు.
నేను సగం అర్థం చెప్తానో లేదో
మిగతాదంతా మన మాటలోకి తిప్పేది ఆమే.

"దిస్ సైడ్ అప్" అంటా నేను.
"నన్ను తలకిందలు చేస్తివా, నీ కొంప తలకిందలే"
అంటాది డబ్బా, అక్క నోటితో.
"హ్యాండిల్ విత్ కేర్."
"బాలింతను ఎత్తినట్టు ఎత్తు నైనా."
"బెస్ట్ బిఫోర్" మాత్రం వొగ రాత్రంతా తెగలా.
తెల్లారగట్ల టీ తాగతా తాగతా అనింది:
"బిరీన తినేయండబ్బా,
ఆనక కడుపు నొస్తే మా గడప తొక్కొద్దు."

సూపర్‌వైజరు లోకనాథం సారు ఫోన్లో
"ఐ విల్ గెట్ బ్యాక్ టు యూ" అన్నప్పుడల్లా
నేను అర్థం చెప్పకముందే నా చెవిలో:
"ఎగ్గొట్టేసినాడు మే."

నవ్వతా నవ్వతా వొగనాడు
రెండొందల డబ్బాలకు బాణం నేల తట్టుకు అంటించినాం.
దుబాయికి పోయినాయంట.
ఎవురూ అడగలా.

ఆడినెల పోయినాక బెంగుళూరా కాయ అయిపొయ్యింది.
గేటుకు కాయితం, రెండే లైన్లు.
"యువర్ సర్వీసెస్ ఆర్ నో లాంగర్ రిక్వైర్డ్."
చదివినా. అక్క నవ్వలా.
ఇంగోసారి చదవమనింది.
"రిక్వైర్డంటే?"
"కావల్సింది."
"నో అంటే తెలుసులే."

టిఫిన్ క్యారియర్ చంకన పెట్టుకోని
రోడ్డుదాకా గమ్మున నడిచింది.
వేళ్ళ సందుల్లో సొన మరకలు, రెండు నెల్లవి.
బస్సు స్టాపుకాడ నిలబడి అప్పుడనింది:
"పోయి రాండి అని రాసుంటారు మే.
వొట్టి పో అని ఎవురన్నా రాస్తారా?"

"అదేనక్కా, అట్నే రాసుండాది"
అన్నా నేను,
చదవను వచ్చినదాన్ని.

చిత్తూరు బస్సు వచ్చింది. ఎక్కినాం.
కండక్టరు "రైట్ రైట్" అన్నాడు.
అక్క కమ్మీ పట్టుకోని
ఎనక నిలబడుండే కాలేజీ పిలకాయల తట్టు తిరిగి
"గట్టిగా పట్టుకోండబ్బా,
ఈడు లాగిస్తాడంట" అనింది.