నీటి గీత

మొదట మేకులు ఏరాను.
మద్రాసులో, విప్పిన సెట్ల కింద,
వంకర మేకుని రాయి మీద పెట్టి తిన్నగా కొట్టి
డాల్డా డబ్బాలో వేస్తే రోజుకి తొమ్మిది రూపాయలు.
మా నాన్న రాజోలులో బోర్డులు రాసేవాడు,
ఎరువుల కొట్టుకీ పడవ ముక్కుకీ ఒకటే నీలం.
నాటకాలకి ఒక తెర అద్దెకిచ్చేవాడు:
ఇటు అంతఃపురం, అటు అడవి.
రాజ్యం పోయిందంటే
తెర తిప్పడమే.

తర్వాత నేనూ తిప్పాను, చాలా.
టీవీ రోజుల్లో ఒక్క మెట్లవరస కట్టాను,
పదకొండు సీరియళ్ల అత్తగార్లు దిగారు దాని మీంచి.
పై మెట్టు దాటితే మేడ లేదు.
ఒక నిచ్చెన, దాని కింద
సైలెన్స్ అని అరిచినా ఆగని లైట్‌బాయ్ గురక.
కోర్టు కట్టాను. అదే కోర్టుకి మామిడాకులు చుట్టి కల్యాణమండపం.
జైలు ఊచలు పీవీసీ గొట్టాలు.
తెర మీద నా పేరు వచ్చేసరికి
జనం ఇంకా చీకట్లో సీటు నంబర్లు తడుముకుంటుంటారు.

యాభై ఏడో ఏట, కథలో వరద ఉందని
ఏటిగట్టు అవతల లంకలో దింపారు నన్ను.
పంటు మీద ప్లైవుడ్డు, సున్నం బస్తాలు, కరీముల్లా,
పద్దెనిమిది మంది వడ్రంగులు.
పదహారు రోజుల్లో ఇల్లు లేచింది, మూడు గోడలే.
నాలుగో వైపు కెమెరా ఉంటుంది.
గోడలకి టీ డికాక్షన్, ఊచలకి జిగురూ ఇటుకపొడీ,
నలభై ఏళ్ల తుప్పు మధ్యాహ్నం భోజనాల్లోపు.

చివరగా వరద గీత.
"నడుం దాకా చాలు," అన్నాడు డైరెక్టరు,
"పైకి పోతే హీరోయిన్ మొహం వెనక మురికిలా ఉంటుంది."
రసమట్టం పెట్టి, దారం లాగి,
ఒండ్రుమట్టితో గీశాను.
నాకు బాగా వచ్చిన పని అది, తిన్నగా గీయడం.

ఇత్తడి బిందెలు అద్దెకిచ్చిన గుబ్బల మంగాయమ్మ
లెక్క చూసుకోడానికొచ్చి గోడ ముందు ఆగింది.
"ఇది గోదారి కాదండి.
ఒక్క గీతేంటండి?
రావడం ఒక్క రాత్రిలో వచ్చేస్తుంది.
పోయేటప్పుడే, రోజుకో గీత.
పోబుద్ధి కాదండి దానికి."

వాళ్లింటికి తీసుకెళ్లి కేలండరు పక్కకి జరిపింది.
తొమ్మిది గీతలు.
పక్కన వాళ్లాయన పెన్సిల్‌తో వేసిన తేదీలు.
అన్నిటికన్నా పైది ద్వారబంధం దాటి.
టేపు పట్టాను: ఆరడుగుల రెండంగుళాలు.
"మరి మీరెక్కడున్నారప్పుడు?"
"అదిగో," అని దూలం చూపించింది,
బస్సులో సీటు చూపించినట్టు.

సావిడి తలుపుకి వాడిన పడవ చెక్క మీద
సగం అరిగిన 'ల' ఒకటి.
ఆ తోక మా నాన్నదే అనుకున్నాను.
ఆ రోజుల్లో అందరూ అలాగే తిప్పేవాళ్లు, చెప్పలేం.

రాత్రంతా కూర్చుని తొమ్మిదీ దించాను,
రోజుకో పాలు నీళ్లు కలిపి మట్టిని పలచన చేస్తూ.
సినిమాలో ఆ గోడ మసక.
ముందున్న చెవికమ్మ మాత్రం
రాయి రాయీ లెక్కపెట్టొచ్చు.

సెట్టు విప్పే రోజు మంగాయమ్మ ఆ గోడే అడిగింది,
గేదెల సావిడికి. ఇచ్చాను.
కుర్రాళ్లు మేకులు ఏరుతున్నారేమోనని చూశాను.
ఇప్పుడెవరూ ఏరరు.

శ్రావణంలో ఫోను.
వెనక ఎవరివో కేకలు, బిందె దేనికో తగిలిన చప్పుడు.
"గేదెల్ని గట్టెక్కించేశాం బాబూ.
మీరు గీసిన అయిదో గీత దగ్గర
నిన్నట్నించీ ఆగి ఉందండి.
తీస్తుందంటారా?"
తెలీదన్నాను.
"సర్లెండి. చెక్క మాత్రం ఉబ్బిపోయింది.
అలాంటివి ఇంకో రెండుంటే
పంటు మీద వేయిస్తారా?"