వడి సున్నా

జమియాలో తెచ్చిన కొత్తిమీర కట్టకున్న రబ్బరు బ్యాండు తీసి
ఆట మిషన్ ఎడమ పుల్లకు తగిలిస్తా.
లోపలుండే బొమ్మపిల్లోడు ఇంక ఆగడు,
వంతెన మీద గుండ్రంగా, గుండ్రంగా
సైకిలు తొక్కతానే ఉంటాడు.
వాని సంచిలో ఐదు గుడ్లు.
ఈపక్క నేను ఇస్త్రీ చేస్తాంటా,
ఏడు దిష్‌దాషాలు, ఏడు కాలర్లు.
మూడోదాని చేతికాడికి వచ్చేసరికి
టింగుమంటాది. గుడ్డు పగిలింది.

బడికి పోతా చెప్పిపోయినాడు నవ్వాఫ్:
"రెడ్డెమ్మా, ఆరు గళ్లు చూడు.
ఆరింట్లో ముప్పై ఒకటి ఉంటే దాచు.
ఒక్కటి తగ్గినా వదిలెయ్, ఖలాస్."
ప్రాణం, దెబ్బ, కాపుదల, మంత్రం, ఓర్పు, వడి.
వాడు అరబ్బీలో చెప్తాంటే
పప్పు డబ్బా వెనక తెలుగులో రాసుకున్నా.
ఐదు తల్లిదండ్రుల నించి దిగుతాయంట,
ఆరోది దైవాధీనమంట.
రాయచోటి సంతలో పండ్లు చూసి, సుడులు చూసి,
తోకెత్తి గూడా చూసి ఎద్దును బేరమాడే మా మామకు
ఈ మిషన్ దొరికుంటే
ఎద్దు నోరు తెరిపించే పనే లేకపోను.

ఇరవైతొమ్మిది. వదిలెయ్.
ముప్పై. దాన్ని గూడానా?
"వదిలితే అవి యాడికి పోతాయబ్బీ?"
"అడవికి" అన్నాడు, రొట్టె నముల్తా.
జహ్రాలో పుట్టినోడు, అడవి వాడెప్పుడు చూసినాడు!
నూట డెబ్బై మూడింటిని పంపినా ఆ అడవికి.
పోయే ముందు ప్రతిదీ చెయ్యూపుతాది.
అదొక్కటి బాగలేదు.

హవల్లీ ఆఫీసులో నన్ను గూడా నిలబెట్టినారు.
ఎత్తు, బరువు, గుండె ఫోటో.
వయసు ముప్పై నాలుగని రాయించినాడు ఏజెంటు,
రెండేండ్లు మింగి.
వంట వచ్చు. పిల్లోళ్లను చూసుకునేది వచ్చు.
ఎడమచేతి వాటానికి ఆ కాయితంలో గడి లేదు.
మొదటింటి పెద్దామెకు ఎడంచేత్తో చాయ్ అందించినా.
తొమ్మిదో దినం తెచ్చి దింపినారు,
నన్ను, సంచిని, ఒంటి చెప్పును.
ఆఫీసామె నా పేరుకెదురుగా ఏందో గీసింది.
ఏం గీసిందో ఈపొద్దుటికీ తెల్దు.

పోయిన బేస్తవారం ఒకటి పుట్టింది.
తాబేలుకు తక్కువ, గుమ్మడికాయకు ఎక్కువ.
ఐదు గళ్లు నిండుగా. వడి మాత్రం
సున్నా.
ఇస్త్రీపెట్టె ఆపి మళ్లీ చూసినా.
సున్నానే.
"నీకేం రోగమే" అన్నా.
వదలాల. వేలు ఆ మాట మీదికే పోయింది.
పోయి, యాడో జారి,
పనికిరాని రాళ్లుండే చిట్టచివరి పెట్టెలోకి తోసింది దాన్ని.
పేరేందని అడిగింది మిషన్.
నాకు కొట్టను వచ్చింది ఒకే అక్షరం, నాలుగుసార్లు కొట్టినా.
అఅఅఅ.

నాలుగు దినాలకు కేకేసినాడు నవ్వాఫ్,
కింది వంటింటిదాకా వినపడేట్టు.
సచ్చినా అనుకున్నా.
చేతులు తుడుచుకుంటా మెట్లెక్కినా.
వాడు మంచం మీద ఎగురుతాండాడు.
"సున్నా! రెడ్డెమ్మా, సున్నా!"
కొన్ని కొట్లాటల్లో లోకం తిరగబడతాదంట,
ఐదు వంతులదాకా
వడి తక్కువోడే ముందు కొడతాడంట.
దాని కోసరం ఆర్నెల్లుగా వెతుకుతాండాడంట.

నాకు సంతోషమే అయింది, అబద్ధమెందుకు.
రాత్రికే దాన్ని వాళ్ల చిన్నాయన కొడుక్కిచ్చి
నిప్పు కక్కే నక్కనేదో తెచ్చుకున్నాడు.
"అఅఅఅ అంటే ఏంది?" అని ఆ పిల్లోడు అడిగినాడంట.
వీడేం చెప్పినాడో నేనడగలా.

ఈపొద్దు కొత్త లెక్క చెప్పిపోయినాడు:
ముప్పై ఒకట్లు ఐదు, సున్నా ఒకటి.
వడి ఒకటున్నా వదిలెయ్.
కొత్తిమీర కొత్తది, బ్యాండు బిగువుగా ఉండాది.
ఎవరు చేసినారో గానీ ఈ మిషన్‌ను,
నడిపే పుల్ల మాత్రం ఎడం పక్కనే పెట్టినారు.